గృహరుణం: కిస్తీలో కనిపించని ఖరీదు

యాభై లక్షల గృహరుణం, 8.5 శాతం వడ్డీ, ఇరవై ఏళ్ళ గడువు. హైదరాబాదులోనో విజయవాడలోనో రెండు పడక గదుల ఫ్లాటు కొనే కుటుంబానికి ఇది మామూలు లెక్క. నెలకు కిస్తీ 43,391 రూపాయలు. మొత్తం 240 కిస్తీలు కలిపితే 1,04,13,879 రూపాయలు. తెచ్చుకున్న అసలు 50 లక్షలైతే, దాని మీద కట్టే వడ్డీయే 54 లక్షలు దాటుతుంది.

ఈ అంకె చూసి కొందరు బెంబేలెత్తి అప్పే వద్దంటారు. ఇరవై ఏళ్ళ తర్వాత రూపాయికి విలువేముంటుందని ఇంకొందరు కొట్టిపారేస్తారు. పన్ను రాయితీ వస్తుంది కదా అని మరికొందరు ధైర్యం చెబుతారు. ప్రతి మాటలోనూ కొంత నిజముంది, ఏదీ పూర్తి నిజం కాదు. గృహరుణం అసలు ఖరీదు ఎంతో తేల్చాలంటే వడ్డీ లెక్క, గడువు, రేటు మార్పులు, రుణపత్రం బయటి ఖర్చులు, పన్ను, ద్రవ్యోల్బణం అన్నీ ఒకచోట పెట్టి చూడాలి. అలా చూస్తే ఒక విషయం స్పష్టంగా తేలుతుంది. ఈ ఖరీదును అన్నిటికన్నా ఎక్కువగా నిర్ణయించేది కాలం. వడ్డీ రేటు మన చేతిలో లేదు. గడువు మాత్రం చాలావరకు మన చేతిలోనే ఉంది.

చౌక వడ్డీ, పెద్ద మొత్తం

మన ఊళ్ళలో వడ్డీని నూటికి నెలకు ఇన్ని రూపాయలని చెప్పుకుంటారు. రెండు రూపాయల వడ్డీ అంటే ఏడాదికి 24 శాతం. ఆ కొలతలో 8.5 శాతం గృహరుణం నూటికి నెలకు 71 పైసలే. పర్సనల్ లోన్, క్రెడిట్ కార్డు బాకీ, ప్రైవేటు ప్రోనోటు, వీటిలో ఏదీ సాధారణంగా ఇంత చౌకగా రాదు. మధ్యతరగతికి దొరికే చౌకైన అప్పుల్లో ఇదొకటి.

ఇందులో లెక్కల మోసం కూడా లేదు. ప్రతి నెలా ఇంకా తీరాల్సిన అసలు మీదే బ్యాంకు వడ్డీ వేస్తుంది. మొదటి నెలలో 50 లక్షల మీద వడ్డీ 35,417 రూపాయలు. కట్టిన 43,391లో అది పోగా అసలుకు జమ అయ్యేది 7,974 మాత్రమే. రెండో నెల ఆ మేరకు తగ్గిన అసలు మీద వడ్డీ పడుతుంది. ఇలా నెలనెలా వడ్డీ భాగం కొద్దికొద్దిగా తగ్గుతూ అసలు భాగం పెరుగుతుంది.

ఆ పెరుగుదల మొదట్లో ఎంత నెమ్మదిగా ఉంటుందో చాలామందికి తెలియదు. మొదటి ఏడాది 5 లక్షల 20 వేలు కడితే అప్పు తగ్గేది లక్ష లోపే. కిస్తీలో అసలు భాగం వడ్డీ భాగాన్ని దాటేసరికి దాదాపు పన్నెండేళ్ళు గడుస్తాయి. సరిగ్గా పదేళ్ళు కట్టినవాళ్ళు సగం అప్పు తీరిందనుకుంటారు. అప్పటికి ఇంకా 35 లక్షలు మిగిలే ఉంటుంది. సగం తీరడానికి 13 ఏళ్ళ 10 నెలలు పడుతుంది. మధ్యలో ఇల్లు అమ్ముకోవాల్సి వచ్చినవాళ్ళు, ఉద్యోగం పోయి బ్యాంకు మెట్లెక్కినవాళ్ళు ఈ సంగతి కష్టకాలంలో మొదటిసారి తెలుసుకుంటున్నారు. రుణం తీసుకున్న రోజే తెలియాల్సిన సంగతి ఇది.

గడువు చేసే పని

అదే 50 లక్షలను అదే రేటుకు 15 ఏళ్ళలో తీర్చాలంటే కిస్తీ 49,237 రూపాయలు. నెలకు 5,846 ఎక్కువ కడితే మొత్తం మీద 15 లక్షల 50 వేలు మిగులుతుంది. 30 ఏళ్ళకు పెట్టుకుంటే కిస్తీ 38,446కు దిగుతుంది. నెలకు అయిదు వేలు కూడా తగ్గదు గానీ వడ్డీ ఇంకో 34 లక్షలు పెరిగి 88 లక్షలు దాటుతుంది.

గడువు పెంచేకొద్దీ కిస్తీ తగ్గే వేగం పడిపోతుంది, వడ్డీ పెరిగే వేగం మాత్రం పడిపోదు. "కిస్తీ మీకు అందుబాటులోకి తెస్తాం" అని ఏజెంటు చెప్పినప్పుడు ఆయన మార్చేది గడువునే. అది అబద్ధం కాదు. చిన్న జీతంతో మొదలుపెట్టే యువ దంపతులకు పొడవాటి గడువు అవసరమే కావచ్చు. అయితే ఆ సౌలభ్యానికి ఎంత చెల్లిస్తున్నారో వాళ్ళకు ముందే తెలియాలి.

గడువును మనంతట మనం తగ్గించుకునే దారి ఒకటుంది: ముందస్తు చెల్లింపు. ఒకప్పుడు ముందే తీర్చినవాళ్ళ దగ్గర బ్యాంకులు జరిమానా పట్టేవి. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకు 2011లో, బ్యాంకులకు 2012లో వచ్చిన ఆదేశాలతో, వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ రేటు గృహరుణాల మీద ఆ జరిమానా పోయింది. ఇది రుణగ్రహీతకు దక్కిన పెద్ద హక్కు. దీన్ని పూర్తిగా వాడుకునేవాళ్ళు తక్కువ.

మన ఉదాహరణలో మొదటి ఏడాది చివర అయిదు లక్షలు అదనంగా కట్టి, కిస్తీ మార్చకుండా గడువు తగ్గించమంటే 48 కిస్తీలు తగ్గుతాయి. కట్టిన అయిదు లక్షలు పోను నికరంగా 16 లక్షల వడ్డీ తప్పుతుంది. అదే అయిదు లక్షలు పదో ఏడాది చివర కడితే తప్పేది 5 లక్షల 70 వేలు. ఒకేసారి అంత పెద్ద మొత్తం లేనివాళ్ళు బోనసు డబ్బుతోనో పంట డబ్బుతోనో ఏడాదికి ఒక్క కిస్తీ అదనంగా కట్టగలిగినా చాలు. 20 ఏళ్ళ అప్పు 16 ఏళ్ళ 8 నెలలకే తీరుతుంది. పది లక్షల వడ్డీ మిగులుతుంది. ఇలా అదనంగా కట్టినప్పుడు "కిస్తీ తగ్గించాలా, గడువు తగ్గించాలా" అని బ్యాంకు అడుగుతుంది, లేదా మనమే అడగాలి. ఇంటి ఖర్చుకు ఇబ్బంది లేనప్పుడు గడువు తగ్గించమనడమే లాభం.

రేటు మారినప్పుడు

మన దేశంలో గృహరుణాల్లో ఎక్కువ భాగం ఫ్లోటింగ్ రేటువే. ఆ రేటును దేనికి ముడిపెట్టాలన్న దాని మీద చాలా ప్రయోగాలు జరిగాయి. 2010లో బేస్ రేటు, 2016లో ఎంసీఎల్ఆర్ (బ్యాంకు నిధుల ఖర్చును బట్టి పెట్టే రేటు), 2019 అక్టోబరు నుంచి బ్యాంకుల కొత్త రుణాలకు రెపో (రిజర్వ్ బ్యాంకు బ్యాంకులకు అప్పిచ్చే రేటు) లాంటి బయటి ప్రమాణం. రిజర్వ్ బ్యాంకు రేటు తగ్గించినా ఆ తగ్గింపు రుణగ్రహీతకు చేరడం లేదన్న ఫిర్యాదే ఈ మార్పులన్నిటికీ కారణం. ఇప్పుడు రెపోతో ముడిపడిన రుణాల్లో కనీసం మూడు నెలలకోసారి మార్పు చేరాలి. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకు ఈ నియమం వర్తించదు. అవి తమ సొంత ప్రమాణ రేటు మీదే నడుస్తాయి. ఎక్కడ అప్పు చేస్తున్నామన్నది అందుకే ముఖ్యం.

రేటు వెంటనే చేరడానికి రెండో ముఖం కూడా ఉంది. రెపో 2022 మే మొదట్లో 4 శాతం, 2023 ఫిబ్రవరి నాటికి 6.5 శాతం. అప్పుడు చాలా ఇళ్ళలో కిస్తీ మారలేదు, గడువు మారింది. 2021లో 6.75 శాతానికి 20 ఏళ్ళ గడువుతో 50 లక్షలు తీసుకున్న కుటుంబాన్ని ఊహించండి. కిస్తీ 38,018. రెండేళ్ళకు మిగిలిన అసలు 47 లక్షల 47 వేలు. అప్పుడు రేటు 9.25 శాతానికి పెరిగిందనుకుంటే నెల వడ్డీయే 36,588. అసలుకు జమ అయ్యేది 1,430. అదే కిస్తీ కొనసాగిస్తే మిగిలిన 18 ఏళ్ళ గడువు 35 ఏళ్ళు దాటుతుంది. ముందున్న గడువులోనే తీర్చాలంటే కిస్తీ 45,200 దాకా పెరగాలి. రేటు ఇంకొంచెం పెరిగి ఉంటే కిస్తీ వడ్డీకే చాలక అప్పు పెరగడం మొదలయ్యేది.

ఈ పరిస్థితి చూసే రిజర్వ్ బ్యాంకు 2023 ఆగస్టు 18న ఒక ఆదేశం ఇచ్చింది. రేటు మారినప్పుడు కిస్తీ పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంత కొంత చేయాలా, లేక కొంత మొత్తం ముందే కట్టాలా అన్నది రుణగ్రహీతకు చెప్పి ఎంచుకోనివ్వాలి. గడువు పెంచడం వల్ల అప్పు పెరిగే స్థితి రాకూడదు. మూడు నెలలకోసారి ఇచ్చే స్టేట్‌మెంట్‌లో ఇప్పటిదాకా వసూలైన అసలు, వడ్డీ, కిస్తీ మొత్తం, ఇంకా మిగిలిన కిస్తీల సంఖ్య, వార్షిక రేటు ఉండాలి. రెపో 2025లో ఫిబ్రవరి నుంచి జూన్ దాకా ఒక శాతం తగ్గింది. పెరిగినప్పుడు సాగిన గడువు తగ్గినప్పుడు మళ్ళీ కుదించుకుందా లేదా అన్నది ఆ స్టేట్‌మెంట్‌లోని కిస్తీల సంఖ్య చూస్తేనే తెలుస్తుంది.

రుణపత్రం బయట

బ్యాంకు ఇంటి విలువంతా అప్పుగా ఇవ్వదు. 30 లక్షల దాకా రుణమైతే విలువలో 90 శాతం, 75 లక్షల దాకా 80 శాతం, ఆపైన 75 శాతం మించకూడదన్నది రిజర్వ్ బ్యాంకు నియమం. మన 50 లక్షల రుణానికి ఇల్లు 62 లక్షల 50 వేలది కావాలి. చేతి నుంచి పెట్టాల్సింది పన్నెండున్నర లక్షలు. రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ సేల్ డీడ్‌కు స్టాంపు డ్యూటీ, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఫీజు కలిపి సాధారణంగా 7.5 శాతం, అంటే 4 లక్షల 69 వేలు. ఇంకా కట్టుబడిలో ఉన్న ఫ్లాటయితే జీఎస్టీ 5 శాతం, అంటే 3 లక్షల 12 వేలు. అన్నీ కలిపి 20 లక్షలు దాటుతుంది. దీని మీద కప్‌బోర్డులు, కరెంటు మీటరు, కార్పస్ ఫండ్ అదనం.

ఈ ఇరవై లక్షలు ఎక్కడి నుంచి వస్తాయన్నదే గృహరుణాల చర్చలో ఎవరూ పెద్దగా పట్టించుకోని భాగం. పొదుపు చాలకపోతే బంగారం తాకట్టు పెడతారు, చీటీని మొదటి నెలల్లోనే పాడుకుంటారు, బంధువుల ద్వారా రెండు రూపాయల వడ్డీకి తెస్తారు. అలా ఎనిమిది లక్షలు తెచ్చినా నెలకు 16,000 వడ్డీ. తొందరపడి పాడిన చీటీలో వదులుకున్న మొత్తం కూడా వడ్డీయే. ఇంటి అప్పు 8.5 శాతానికే వచ్చిందని చెప్పుకునే కుటుంబం, ఈ చిన్న అప్పులతో కలిపి చూస్తే, అంతకన్నా చాలా ఎక్కువ రేటుకు అప్పు చేసినట్టే. ముందు తీర్చాల్సింది కూడా ఈ చిన్న అప్పులనే.

బీమా మరో దాపరికం. రుణంతోపాటు ఒకేసారి కట్టే ప్రీమియంతో జీవిత బీమా అంటగట్టి, ఆ ప్రీమియాన్ని అప్పులోనే కలుపుతారు. లక్షన్నర ప్రీమియం ఇలా కలిస్తే 20 ఏళ్ళలో 3 లక్షల 12 వేలు అవుతుంది. రుణానికి రక్షణ అవసరమే. ఇంటి పెద్ద పోతే కుటుంబం వీధిన పడకూడదు. కానీ ఆ బీమానే కొనాలని రిజర్వ్ బ్యాంకు నియమమేదీ లేదు. విడిగా తీసుకునే టర్మ్ పాలసీతో పోల్చి చూసుకునే హక్కు కొనేవాళ్ళకు ఉంది.

కట్టుబడిలో ఉన్న ఫ్లాట్లకు ప్రీ ఈఎంఐ అని ఇంకొకటి ఉంటుంది. పని సాగేకొద్దీ బ్యాంకు విడతలుగా డబ్బు విడుదల చేస్తుంది, అప్పటిదాకా ఇచ్చిన దాని మీద వడ్డీ మాత్రమే వసూలు చేస్తుంది. 30 లక్షలు విడుదలై మూడేళ్ళు పని ఆగితే 7 లక్షల 65 వేల వడ్డీ పోతుంది, అసలు ఒక్క రూపాయి తగ్గదు. పక్కన ఇంటి అద్దె ఎలాగూ తప్పదు. ఆలస్యానికి బిల్డరు వడ్డీ చెల్లించాలని 2016 నాటి స్థిరాస్తి నియంత్రణ చట్టం (రెరా) చెబుతోంది. ఆ హక్కు దక్కాలంటే ప్రాజెక్టు రెరాలో నమోదై ఉండటం మొదటి మెట్టు.

పన్ను రాయితీ ఎంత ఊరట?

పాత పన్ను విధానంలో తాము నివసించే సొంత ఇంటి రుణ వడ్డీలో ఏడాదికి 2 లక్షల దాకా ఆదాయం నుంచి మినహాయింపు ఉంది. మన లెక్కలో మొదటి ఏడాది వడ్డీ 4 లక్షల 21 వేలు. అందులో సగానికి కూడా రాయితీ వర్తించదు. 30 శాతం శ్లాబులో ఉన్నవాళ్ళకు సెస్సుతో కలిపి మిగిలేది 62,400. అసలు మీద రాయితీ లక్షన్నర పరిమితిలోనే ఉన్నా, ఉద్యోగుల్లో చాలామందికి ఆ పరిమితి పీఎఫ్‌తో, పిల్లల స్కూలు ఫీజుతో ముందే నిండిపోతుంది. భార్యాభర్తలు ఇద్దరూ ఇంటికి యజమానులై, ఇద్దరూ రుణం తీసుకుంటే ఈ పరిమితులు విడివిడిగా వర్తిస్తాయి.

కొత్త పన్ను విధానంలో తాము నివసించే సొంత ఇంటికి ఈ వడ్డీ రాయితీ లేదు. 2023-24 నుంచి కొత్త విధానమే డిఫాల్టుగా వర్తిస్తోంది. 2025-26 నుంచి అందులో 12 లక్షల దాకా ఆదాయానికి పన్ను పడదు కాబట్టి చాలామంది అటే వెళ్ళారు. వాళ్ళకు గృహరుణం వడ్డీ పూర్తిగా సొంత ఖర్చు. "పన్ను కోసం లోన్ ఉంచుకోవాలి" అన్న పాత సలహా ఇప్పుడు వాళ్ళకు అక్కరకు రాదు. రాయితీ దక్కేవాళ్ళ విషయంలో కూడా లక్ష వడ్డీ కట్టి 31,200 వెనక్కి తెచ్చుకోవడం లాభం కాదు.

రేపటి రూపాయి మాట

కోటీ నాలుగు లక్షలు అని చెప్పి ఆపేస్తే అన్యాయం. ఇరవయ్యో ఏట కట్టే 43,391కి ఇవాళ్టి విలువ ఉండదు. ధరలు ఏటా 5 శాతం పెరుగుతాయనుకుంటే చివరి కిస్తీ ఇవాళ్టి లెక్కలో 16,400 రూపాయలతో సమానం. 240 కిస్తీలనూ ఇలా ఇవాళ్టి విలువకు మార్చి కూడితే మొత్తం 66 లక్షల చిల్లర. అంటే రుణం నిజ ఖరీదు 54 లక్షలు కాదు, 16 లక్షల చుట్టూ ఉంటుంది. జీతాలు ధరలతో పాటు పెరిగే కుటుంబానికి కాలం గడిచేకొద్దీ భారం తేలికవుతుంది.

ఈ లెక్కను ఆధారం చేసుకునే ముందస్తు చెల్లింపు అనవసరమని, ఆ డబ్బు మ్యూచువల్ ఫండ్లలో పెట్టమని ఒక వర్గం సలహాదారులు చెబుతారు. అప్పు తీర్చేసి నిశ్చింతగా ఉండమని రెండో వర్గం అంటుంది. వాదన ఇక్కడే నిలిచిపోతోంది. నాకు సబబుగా తోచే కొలత ఇది: ముందస్తుగా కట్టిన ప్రతి రూపాయి 8.5 శాతం వడ్డీని తప్పిస్తుంది, దాని మీద పన్ను లేదు, నష్టభయం లేదు. ఫిక్స్‌డ్ డిపాజిట్ పన్ను పోగా అంత ఇవ్వదు. షేర్ మార్కెట్ అంతకన్నా ఎక్కువ ఇవ్వవచ్చు, ఇవ్వకపోవచ్చు. పైగా ద్రవ్యోల్బణం చేసే సాయం జీతం పెరిగేవాళ్ళకే. ఐటీ ఉద్యోగం నలభై అయిదేళ్ళకే అనిశ్చితంగా మారుతున్న కాలంలో, చిన్న వ్యాపారి ఆదాయం ఏటా పెరుగుతుందన్న భరోసా లేనప్పుడు, ఆ ఊహ మీద ఇరవై ఏళ్ళ ప్రణాళిక కట్టుకోవడం సాహసమే. ఆరు నెలల ఖర్చుకు సరిపడా డబ్బు, ఒక టర్మ్ పాలసీ, ఈ రెండూ చూసుకున్నాక మొదటి ఏడెనిమిదేళ్ళలో వీలైనంత అసలు తగ్గించడమే ఎక్కువ కుటుంబాలకు సురక్షితం.

బ్యాంకు మార్చితే

తక్కువ రేటు ఇస్తామని వేరే బ్యాంకు ఫోన్ చేసినప్పుడు కూడా చూడాల్సింది గడువునే. మన రుణం అయిదేళ్ళు గడిచాక మిగిలేది 44 లక్షల 6 వేలు. పాత చోటే ఉంటే ఇంకా కట్టాల్సింది 78 లక్షల 10 వేలు. 8 శాతానికి మార్చుకుని మళ్ళీ 20 ఏళ్ళు పెట్టుకుంటే కిస్తీ 36,857కు తగ్గుతుంది, కట్టే మొత్తం మాత్రం 88 లక్షల 45 వేలకు పెరుగుతుంది. రేటు తగ్గి ఖర్చు పది లక్షలు పెరిగింది. మిగిలిన 15 ఏళ్ళ గడువునే ఉంచుకుని మార్చితే 2 లక్షల 30 వేలు మిగులుతుంది. అందులోంచి ప్రాసెసింగ్ ఫీజు, తాకట్టు పత్రాల ఖర్చు పోతాయి. పాత బ్యాంకుకే వెళ్ళి రేటు తగ్గించమని రాతపూర్వకంగా అడగడం చాలాసార్లు ఇంతకన్నా చౌక.

నియమాలు ఎంతదాకా వచ్చాయి

గత కొన్నేళ్ళలో రుణగ్రహీత పక్షాన చెప్పుకోదగ్గ మార్పులు వచ్చాయి. కిస్తీ ఆలస్యమైతే వేసే అపరాధ రుసుమును వడ్డీలో కలిపి దాని మీద మళ్ళీ వడ్డీ వేయకూడదు. అప్పు తీరిన 30 రోజుల్లో బ్యాంకు ఒరిజినల్ పత్రాలు తిరిగివ్వాలి, తన తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయలు చెల్లించాలి. డబ్బు చేతికి రాకముందే శాంక్షన్ తేదీ నుంచో అగ్రిమెంటు తేదీ నుంచో వడ్డీ వేయడం, నెల మధ్యలో రుణం ఇచ్చినా పూర్తి నెల వడ్డీ పట్టడం తప్పని 2024 ఏప్రిల్‌లో రిజర్వ్ బ్యాంకు స్పష్టం చేసింది.

అన్నిటికన్నా ముఖ్యమైనది 2024 అక్టోబరు 1 నుంచి కొత్త రుణాలకు తప్పనిసరి అయిన కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్. వడ్డీతోపాటు ప్రాసెసింగ్ ఫీజు, బీమా, లీగల్ ఖర్చులు అన్నీ కలిపిన వార్షిక రేటు అందులో ఉండాలి. నెలవారీ చెల్లింపుల పట్టిక ఉండాలి. సంతకం పెట్టే ముందు ఆలోచించుకోవడానికి కనీసం మూడు పనిదినాలు ఇవ్వాలి. అందులో లేని ఫీజును రుణగ్రహీత స్పష్టంగా ఒప్పుకోకుండా వసూలు చేయకూడదు. అమెరికాలో ఇల్లు కొన్న మన తెలుగువాళ్ళకు ఇలాంటి పత్రం కొత్త కాదు. అక్కడ 1968 నాటి చట్టం నుంచే వార్షిక రేటు చెప్పడం తప్పనిసరి. 2015 నుంచి వాళ్ళ పత్రంలో అప్పు మొత్తంతో పోలిస్తే కట్టే వడ్డీ ఎంత శాతమో కూడా ఉంటోంది. పైగా అక్కడ 30 ఏళ్ళ స్థిర రేటు సాధారణం కాబట్టి ఆ అంకె చివరిదాకా మారదు. మన దగ్గర రేటు మారుతూ ఉంటుంది కాబట్టి మొదటి రోజు చూపిన పట్టిక ఏడాది తిరిగేసరికి పాతబడుతుంది. అందుకే మూడు నెలల స్టేట్‌మెంట్‌లో "ఈ రేటు ఇలాగే ఉంటే ఇంకా కట్టాల్సిన వడ్డీ ఇంత" అన్న ఒక్క వాక్యం చేర్చాలి. దీనికి కొత్త చట్టం అక్కర్లేదు, బ్యాంకు కంప్యూటరులో ఆ లెక్క ఇప్పటికే ఉంది.

ఇంకో సంగతి. ఆ కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ రుణగ్రహీతకు అర్థమయ్యే భాషలో ఉండాలని, వివరించి అర్థమైనట్టు సంతకం తీసుకోవాలని నియమమే చెబుతోంది. ఇంగ్లిషు కాగితాల దొంతర మీద చూపిన చోటల్లా సంతకాలు పెట్టి వచ్చే ఆనవాయితీ ఇక మారాలి. తెలుగులో అడగడం మన హక్కు. ఆ పత్రంలో ముందు వార్షిక రేటు చూడాలి, తర్వాత చెల్లింపుల పట్టికలో పదో ఏడాది చివర మిగిలే అసలు చూడాలి. ఆ తర్వాత ప్రతి ఏప్రిల్లోనూ స్టేట్‌మెంట్ తీసి, మిగిలిన కిస్తీల సంఖ్య కిందటి ఏడాది కన్నా కనీసం పన్నెండు తగ్గిందో లేదో సరిచూసుకోవాలి. తగ్గకపోతే ఆ వారమే బ్యాంకుకు ఉత్తరం రాయాలి.